ఇరాన్ ఫోటోగ్రాఫర్లు డాక్యుమెంటరీ, సినిమా స్టిల్స్ రెండూ ఎలా నెగ్గుకొస్తారు? ఒక స్టిల్ ఫోటోగ్రాఫర్ సమాధానం

కాకినాడ నుంచి వచ్చిన ప్రశ్న క్లుప్తంగా ఇది: "ఫైన్ ఆర్ట్స్ చదివాను. ఒక స్టిల్ ఫోటోగ్రాఫర్ దగ్గర అసిస్టెంట్‌గా చేరి ఏడాదిన్నర అయింది. షూటింగ్ లేని రోజుల్లో రేవుకు వెళ్లి జాలర్ల ఫోటోలు తీస్తుంటాను. ఇరాన్ సినిమాలు చూడటం మొదలుపెట్టాక, అక్కడ యుద్ధాలు, ఉద్యమాలు తీసినవాళ్లే సినిమా రంగంలోనూ పనిచేశారని చదివాను. వాళ్ల వృత్తి ఎలా సాగుతుంది? స్టిల్స్ తీసేవాళ్లను డాక్యుమెంటరీవాళ్లు తక్కువగా చూస్తారా? రెండింట్లో నేను ఏది వదులుకోవాలి?"

నేను హైదరాబాద్‌లో ఇరవై ఆరేళ్లుగా సినిమా స్టిల్స్, అంటే షూటింగ్ జరిగేచోట సినిమా ప్రచారం కోసం తీసే ఫోటోలు, తీస్తున్నాను. పదకొండేళ్లుగా ఏటా వేసవిలో శ్రీకాకుళం జిల్లా నౌపడ ఉప్పు మడుల దగ్గరికి వెళ్లి అక్కడి కూలీల ఫోటోలు తీస్తున్నాను. ఇరాన్ ఫోటోగ్రాఫర్ల పుస్తకాలు ఎక్కడ దొరికినా కొనడం నాకు అంతకంటే పాత అలవాటు. అందుకే మీ ప్రశ్న చూడగానే జవాబు రాయాలనిపించింది.

ముందే చెప్తున్నాను, మీరు ఏదీ వదలవద్దు. ఇరాన్‌లో పేరు నిలిచిన ఫోటోగ్రాఫర్ల జీవితాలు చదివినకొద్దీ నాకు ఒక విషయం బలపడుతూ వచ్చింది. వాళ్లు వీధిలో తీశారా, సెట్‌లో తీశారా అన్నదానికి పెద్ద విలువ లేదు. ఒకే చోటికి ఎన్నిసార్లు తిరిగి వెళ్లారు, తీసినదాన్ని ఎంత జాగ్రత్తగా దాచుకున్నారు అన్నవే వాళ్ల వృత్తిని నిలబెట్టాయి. ఆ రెండు అలవాట్లూ రెండు పనులకూ కావాలి.

ఫారసీలో ఫోటోను 'అక్స్' అంటారు, ఫోటోగ్రాఫర్‌ను 'అక్కాస్' అంటారు. ఉర్దూ తెలిసిన మన హైదరాబాదీలకు అక్స్ అంటే ప్రతిబింబం అని తెలుసు. కెమెరా 1840లలోనే ఇరాన్ రాజాస్థానానికి చేరింది. తర్వాత రాజైన నాసిరుద్దీన్ షా తానే కెమెరా పట్టుకుని అంతఃపురంలోని రాణులనూ, దాసీలనూ ఫోటోలు తీశాడు. ఆ ఆల్బమ్‌లు టెహ్రాన్‌లోని గోలెస్తాన్ ప్యాలెస్‌లో ఇప్పటికీ ఉన్నాయి. ఆ దేశంలో ఫోటో నిన్న మొన్నటి సరదా కాదని చెప్పడానికే ఈ మాట. ఈ ఆల్బమ్‌ల ప్రస్తావన మళ్లీ వస్తుంది.

మీరు మొదట తెలుసుకోవాల్సిన మనిషి కావే గోలెస్తాన్. 1950లో చమురు శుద్ధి కర్మాగారం ఉన్న అబాదాన్‌లో పుట్టాడు. తండ్రి ఇబ్రహీం గోలెస్తాన్ కథా రచయిత, సినిమా దర్శకుడు, సొంత స్టూడియో ఉన్నవాడు. అహ్వాజ్ దగ్గర చమురు బావిలో లేచిన మంటల మీద ఆయన తీసిన డాక్యుమెంటరీ 1961లో వెనిస్‌లో బహుమతి తెచ్చుకుంది. కవయిత్రి ఫరూగ్ ఫరోఖ్‌జాద్ తబ్రీజ్ దగ్గరి కుష్ఠు రోగుల ఆశ్రమంలో తీసిన 'ఇల్లు నల్లగా ఉంది' అనే చిన్న సినిమా కూడా ఆ స్టూడియో నుంచే వచ్చింది. ఆ సినిమా తీసేనాటికి కావేకు పన్నెండేళ్లు. అంటే అతను పెరిగిన ఇంట్లో డాక్యుమెంటరీ, సినిమా, కవిత్వం ఒకే కప్పు కింద ఉండేవి. వీటి మధ్య గోడలు ఉంటాయని అతనికి ఎవరూ నేర్పలేదు. మీ మనసులో ఇప్పుడు ఆ గోడ ఉంది కాబట్టి ఇంతగా చెప్తున్నాను.

1975 నుంచి 1977 దాకా కావే టెహ్రాన్‌లోని 'షహర్-ఎ నౌ' అనే వాడకు వెళ్లి వస్తూ ఉన్నాడు. పేరుకు 'కొత్త ఊరు'. నిజానికి అది వేశ్యలు ఉండే వాడ. 1953లో ప్రధాని మొసద్దెగ్‌ను దించేసిన సైనిక కుట్ర తర్వాత ప్రభుత్వం దాని చుట్టూ గోడ కట్టి ఇనుప గేటు పెట్టింది. అతను ఆ గేటు దాటి వెళ్లి, మొదట ఫోటోలు తీయకుండా మనుషులతో మాట్లాడుతూ గడిపేవాడు. ఆ స్త్రీల ఆదాయం ఎంత, అప్పు ఎంత, పిల్లలు ఎక్కడ పెరుగుతున్నారు అని వివరాలు సేకరించాడు. ఫోటోలు ఆ తర్వాత వచ్చాయి.

ఆ ఫోటోలు మీకు దొరికితే ఒక్కొక్కదాని ముందు కాసేపు ఆగండి. నలుపు తెలుపులో, ఇరుకు గదుల్లో తీసినవి. ఒక మంచం, మాసిన గోడ, గోడ మీద పత్రికల నుంచి కత్తిరించి అతికించిన బొమ్మలు, వాటి ముందు ఒక స్త్రీ. చాలామంది నేరుగా లెన్స్ వైపు చూస్తున్నారు. ఆ చూపులో బెదురు లేదు, నటన లేదు. ఎదుటివాడు ఎవరో వాళ్లకు తెలుసు. కెమెరా వాళ్ల కళ్లకు సమానమైన ఎత్తులో ఉంది. మంచం మీద కూర్చున్న మనిషి కళ్లకు సమానంగా లెన్స్ రావాలంటే తీసేవాడు మోకాళ్ల మీదో, ఎదురుగా నేల మీదో కూర్చోవాలి. అతను ఆ గదిలో ఎలా కూర్చున్నాడో ఆ ఫోటోలే చెప్తాయి. నేను నౌపడలో మొదటి రెండేళ్లు నిలబడి తీశాను. ఆ ఫోటోలన్నింటిలో మనుషులు కిందికి వంగినట్టు, నేను పైనుంచి చూసినట్టు ఉన్నాయి. కావే ఫోటోలు చూశాకనే మడి గట్టు మీద కూర్చుని తీయడం మొదలుపెట్టాను.

ఆ వరుస 1977లో 'ఆయందెగాన్' దినపత్రికలో వచ్చింది. 1978లో టెహ్రాన్ విశ్వవిద్యాలయంలో ప్రదర్శన పెట్టారు, కొద్ది రోజులకే మూయించారు. 1979 మొదట్లో, షాను గద్దె దించిన విప్లవం ఉధృతంగా ఉన్న రోజుల్లో, గుంపులు ఆ వాడకు నిప్పు పెట్టాయి. తర్వాత ప్రభుత్వం మిగిలిన ఇళ్లను కూల్చేసింది. ఇప్పుడు అక్కడ ఆ ఇళ్లు లేవు. ఆ స్త్రీలు ఉండేవారని చెప్పడానికి మిగిలినవాటిలో ఈ ఫోటోలు ముఖ్యమైనవి. 2017లో లండన్‌లోని టేట్ మోడర్న్ ఆర్ట్ మ్యూజియం వాటికి ఒక గది కేటాయించింది. తీసిన నలభై ఏళ్లకు.

ఆ తర్వాతి అతని జీవితం త్వరగా చెప్తాను. విప్లవం ఫోటోలకు 1979 రాబర్ట్ కాపా బంగారు పతకం వచ్చింది, ప్రమాదాల మధ్య ధైర్యంగా తీసిన ఫోటోలకు ఇచ్చేది అది. ఇరాన్-ఇరాక్ యుద్ధం తీశాడు. 1988 మార్చిలో ఇరాక్‌లోని హలబ్జా పట్టణం మీద సద్దాం సైన్యం విషవాయువు ప్రయోగించినప్పుడు అక్కడికి మొదట చేరిన ఫోటోగ్రాఫర్లలో ఒకడు. 1991లో ఇరాన్ పత్రికల మీద సెన్సార్‌షిప్ గురించి బ్రిటన్ టీవీ కోసం ఒక డాక్యుమెంటరీ తీశాడు. దాని ఫలితంగా రెండేళ్లు పని లేకుండా ఇంట్లో ఉండవలసి వచ్చింది. టెహ్రాన్ విశ్వవిద్యాలయంలో ఫోటో జర్నలిజం బోధించాడు. చివరి ఏళ్లలో బీబీసీకి వీడియో కెమెరామన్‌గా పనిచేశాడు. 2003 ఏప్రిల్ 2న ఉత్తర ఇరాక్‌లోని కిఫ్రీలో కారు దిగి మందుపాతర మీద అడుగు వేశాడు. అప్పటికి వయసు 52.

స్టిల్ కెమెరా, మూవీ కెమెరా, తరగతి గది, మూడూ ఒకే జీవితంలో ఉన్నాయి. ఏది దొరికితే దానితో పని చేశాడు. నిజం చూపించాలన్న పట్టుదల మాత్రం మారలేదు.

అతని భార్య హెంగామె గోలెస్తాన్ గురించి కూడా చెప్పాలి. నిర్బంధ హిజాబ్‌కు వ్యతిరేకంగా 1979 మార్చి 8న టెహ్రాన్ వీధుల్లోకి వచ్చిన వేలాది స్త్రీల ఫోటోలు తీసింది ఆమె. ఆ నెగటివ్‌లు దశాబ్దాల పాటు ఆమె దగ్గరే ఉన్నాయి. 2015లో లండన్‌లో ప్రదర్శన పెట్టాక లోకం వాటిని చూసింది. మంచు పడుతున్న రోజు, తల మీద ముసుగు లేకుండా నవ్వుతూ, అరుస్తూ నడుస్తున్న నర్సులు, విద్యార్థినులు, గృహిణులు. ఆ తర్వాత ఇరాన్ వీధిలో అలాంటి దృశ్యం కనిపించడానికి ఎన్ని ఏళ్లు పట్టిందో మీకు తెలుసు. నెగటివ్‌లు పారేసి ఉంటే?

దాచుకోవడం అన్న మాటకు బహ్మన్ జలాలీని మించిన ఉదాహరణ నాకు తెలియదు. 1944లో టెహ్రాన్‌లో పుట్టాడు. చదివింది అర్థశాస్త్రం, ఫోటోగ్రఫీ సొంతంగా నేర్చుకున్నాడు. భార్య రాణా జవాదీతో కలిసి విప్లవపు రోజులను తీసి 1979లోనే పుస్తకంగా తెచ్చాడు. యుద్ధంలో శిథిలమైన ఖుర్రంషహర్ పట్టణాన్ని తీశాడు. అంతటి ఫోటోగ్రాఫర్ ఆ తర్వాత ఏళ్ల తరబడి ఇతరుల పాత ఫోటోల మధ్య కూర్చున్నాడు. పైన చెప్పిన గోలెస్తాన్ ప్యాలెస్ ఆల్బమ్‌ల నుంచి ఫోటోలు ఏరి పుస్తకంగా తెచ్చాడు. టెహ్రాన్‌లో 'అక్స్‌ఖానె షహర్' అనే ఫోటో మ్యూజియం ఏర్పడటంలో అతని చేయి ఉంది. పాత స్టూడియోల గాజు ప్లేట్లు, వాటి మీద గీతలు, చెరిపివేతలు చూస్తూ చూస్తూ, వాటితోనే కొత్త చిత్రాలు కూర్చాడు. 2010 జనవరిలో చనిపోయాడు. నా లెక్కలో ఆ ఆల్బమ్‌ల పని అతని యుద్ధ ఫోటోలకు ఏ మాత్రం తీసిపోదు.

ఇక సినిమా వైపు వద్దాం. మహమూద్ కలారీ 1951లో పుట్టాడు. విప్లవం తర్వాతి ఏళ్లలో ఫ్రాన్స్‌కు చెందిన సిగ్మా ఫోటో ఏజెన్సీకి వార్తా ఫోటోలు తీశాడు. 1980ల మధ్యలో సినిమాటోగ్రాఫర్ అయ్యాడు. ఆ తర్వాత ఇరాన్ సినిమాలో అతను పనిచేయని పెద్ద దర్శకుడు దాదాపు లేడు. మఖ్మల్‌బాఫ్‌తో 'గబ్బే', మెహర్‌జూయితో 'లైలా', కియారోస్తమీతో 'గాలి మనల్ని మోసుకుపోతుంది', ఫర్హాదీతో 'ఎ సెపరేషన్'. 2013లో వచ్చిన 'ఫిష్ అండ్ క్యాట్' 134 నిమిషాల సినిమా, మొత్తం ఒకే షాట్. వార్తా ఫోటోగ్రాఫర్‌గా గుంపుల మధ్య నడిచిన కాళ్లే ఆ షాట్‌నూ నడిపించాయని నా నమ్మకం.

'ఎ సెపరేషన్' మొదటి దృశ్యం గుర్తుందా? భార్యాభర్తలు పక్కపక్కన కూర్చుని మనవైపు చూస్తూ వాదించుకుంటారు. జడ్జి కనిపించడు, గొంతు మాత్రమే వినిపిస్తుంది. కెమెరా కదలదు. ఫోటోగ్రాఫర్‌గా పెరిగినవాడికే ఆ ధైర్యం ఉంటుందనిపిస్తుంది. ఇద్దరు మనుషులు, ఒక గోడ, ఒక ఫ్రేము. అంతకంటే ఏమీ అక్కర్లేదని తెలియడానికి ముందు చాలా ఏళ్లు నిశ్చల చిత్రాలు తీసి ఉండాలి.

ఇంకొక కారణం కూడా ఉంది. ఇరాన్ సినిమాలో కల్పనకూ, నిజానికీ మధ్య గీత చాలా సన్నం. కియారోస్తమీ 'క్లోజప్' లో, దర్శకుడినని చెప్పి ఒక కుటుంబాన్ని మోసం చేసిన మనిషి తన పాత్ర తానే వేశాడు, అతని అసలు కోర్టు విచారణను కెమెరా తీసింది. దర్శకుడు జాఫర్ పనాహీ 'ఆఫ్‌సైడ్' లో స్టేడియంలోకి దొంగచాటుగా వెళ్లాలనుకునే అమ్మాయిల కథను 2005 జూన్‌లో ఇరాన్, బహ్రెయిన్ జట్ల మధ్య నిజమైన మ్యాచ్ జరుగుతుండగా ఆజాదీ స్టేడియం దగ్గర తీశారు. కలారీ ఆ సినిమాకూ పనిచేశాడు. నటులు ఎవరో, దారిన పోయేవారు ఎవరో తెలియని చోట స్టిల్స్ తీయాలంటే వీధి ఫోటోగ్రాఫర్ కన్ను లేకుండా కుదరదు.

సెట్ మీద స్టిల్స్ మాత్రమే తీసే నిపుణులు కూడా అక్కడ ఉన్నారు. 'ఎ సెపరేషన్', 'ది సేల్స్‌మన్' స్టిల్స్ తీసినది హబీబ్ మజీదీ. ఆ సినిమాల గురించి ప్రపంచంలో ఏ పత్రిక రాసినా పక్కన వేసుకున్నది అతని ఫోటోలే. మన దగ్గర ట్రైలర్, టీజర్, పాటల వీడియో ముందే జనంలోకి వెళ్లిపోతాయి. ఇరాన్ సినిమా బెర్లిన్‌కో, కాన్స్‌కో వెళ్లినప్పుడు ఆ భాష తెలియని విమర్శకుడి చేతికి మొదట వచ్చేది కేటలాగ్‌లోని ఒక్క ఫోటో. ఆ ఒక్క ఫోటో సినిమా స్వభావం చెప్పాలి. దర్శకుడి ఫ్రేమును నకలు చేస్తే సరిపోదు. సినిమాలో కదలికతో, మాటతో తెలిసే విషయం ఫోటోలో నిశ్చలంగా తెలియాలి. స్టిల్స్ పనిలో నిజమైన కష్టం ఇక్కడ ఉంది. దీన్ని తక్కువ పని అనేవాళ్లు ఒక్క రోజు సెట్ మీద నిలబడి చూడాలి.

సెట్ గురించి కొంచెం పని వివరాలు చెప్తాను, ఎందుకంటే మీకు అసిస్టెంట్‌గా ఇవి ఎవరూ కూర్చోబెట్టి చెప్పరు. మన తెలుగు సినిమా చాలాకాలం డబ్బింగ్ మీద నడిచింది. షాట్ జరుగుతుండగా మేము టకటకా నొక్కినా ఎవరికీ ఇబ్బంది ఉండేది కాదు. విప్లవానికి ముందు ఇరాన్ వాణిజ్య సినిమా కూడా అలాగే డబ్బింగ్ సినిమా. తర్వాత అక్కడ సెట్ మీదే మాటలు రికార్డు చేయడం స్థిరపడింది. అప్పటి నుంచి ఫోటోగ్రాఫర్ చేసే చిన్న చప్పుడు కూడా టేకును పాడు చేస్తుంది. అద్దం ఉన్న కెమెరాల కాలంలో సౌండ్ బ్లింప్ అనే మందపాటి పెట్టెలో కెమెరాను పెట్టి తీసేవారు. బరువు, ఉక్కపోత, ఏ బటనూ చేతికి అందదు. లేదా రిహార్సల్‌లో తీసుకోవాలి. లేదా టేక్ అయ్యాక నటులను ఒక్క నిమిషం ఆగమని దర్శకుడి చేత అడిగించుకోవాలి. అలా ఆపి తీసిన ఫోటోలో ముఖం అదే ఉంటుంది, ప్రాణం వెళ్లిపోయి ఉంటుంది. చాలాసార్లు చూశాను.

ఇప్పుడు మిర్రర్‌లెస్ కెమెరాలు వచ్చాయి, శబ్దం లేకుండా తీయవచ్చు. మన దగ్గర కూడా సింక్ సౌండ్, అంటే సెట్ మీదే మాటలు రికార్డు చేయడం, పెరుగుతోంది కాబట్టి మీకు ఇది ఉపయోగం. అయితే ఆ సైలెంట్ షట్టర్‌తో ఎల్‌ఈడీ లైట్ల కింద తీస్తే ఫోటోలో అడ్డ చారలు పడతాయి. షూటింగ్ మొదలయ్యే ముందు లైట్‌మెన్ లైట్లు వెలిగించగానే నాలుగైదు షట్టర్ స్పీడ్‌లలో పరీక్షగా తీసి పెద్దవి చేసి చూడండి. నటుడు చూసే దిక్కులో ఎన్నడూ నిలబడవద్దు. సినిమా కెమెరా లెన్స్‌కు వీలైనంత దగ్గరగా, ఫోకస్ పుల్లర్ (లెన్స్ ఫోకస్ సరిచేసే అసిస్టెంట్) చేతికి అడ్డం రాకుండా చోటు చూసుకోండి. ముదురు రంగు బట్టలు వేసుకోండి. ఏడ్చే దృశ్యం రోజున నటిని ముందే పలకరించి 'ఈ వైపు ఉంటానమ్మా' అని చెప్పండి. సగం పని ఆ ఒక్క మాటతో అయిపోతుంది.

ఇవన్నీ డాక్యుమెంటరీకి పనికొచ్చేవే. ఎదుటి మనిషి మనల్ని మరచిపోయేంత నిశ్శబ్దంగా, కానీ మనం ఉన్నామని ముందే తెలిసేలా ఉండటం. ఉప్పు మడుల్లో నేను చేసేది కూడా ఇదే.

ఇరాన్‌లో ఈ వృత్తికి ఉన్న ఒత్తిడి మీకు, నాకు లేదు. అది తెలుసుకోకుండా వాళ్ల ఫోటోలను మెచ్చుకోవడం సగం మెచ్చుకోవడమే. పత్రికల కోసం పనిచేసే ఫోటోగ్రాఫర్‌కు సాంస్కృతిక మార్గదర్శక శాఖ ఇచ్చే కార్డు ఉండాలి. సినిమాకు షూటింగ్ అనుమతి వేరు, ప్రదర్శన అనుమతి వేరు. సినిమాలో స్త్రీ తన ఇంట్లో, తన భర్త ముందు ఉన్న దృశ్యంలో కూడా తల కప్పుకుని ఉండాలన్న నియమం ఉంది, కాబట్టి స్టిల్స్‌లోనూ అంతే. 2010లో పనాహీకి ఆరేళ్ల జైలు, ఇరవై ఏళ్లు సినిమాలు తీయకుండా నిషేధం విధించారు. 2012లో సినిమా వృత్తి సంఘాలకు నిలయమైన 'ఖానె సినిమా'ను ప్రభుత్వం మూసేసింది, మరుసటి ఏడాది గాని తెరవలేదు. సినిమా మూగబోయిన రోజుల్లో కెమెరా అందుకున్నవాళ్లూ ఉన్నారు. విప్లవం తర్వాత సినిమాలకు అవకాశం లేని కాలంలో కియారోస్తమీ ఊరి బయటికి వెళ్లి చెట్లు, దారులు, మంచు ఫోటోలు తీయడం మొదలుపెట్టి, చివరిదాకా మానలేదు.

పేరు విషయానికి వస్తే, జహంగీర్ రజ్మీ కథ ప్రతి యువ ఫోటోగ్రాఫర్ చదవాలి. అతను 'ఎత్తెలాఆత్' దినపత్రిక ఫోటోగ్రాఫర్. 1979 ఆగస్టు 27న పశ్చిమ ఇరాన్‌లోని సనందజ్ విమానాశ్రయంలో విప్లవ ప్రభుత్వపు దళాలు పదకొండు మందిని వరుసగా నిలబెట్టి కాల్చి చంపుతుంటే తీశాడు. కొందరు అప్పటికే నేలకూలుతున్నారు, కొందరు ఇంకా నిలబడి ఉన్నారు, కళ్లకు గంతలు. మరునాడు పత్రికలో ఫోటో వచ్చింది, అతని ప్రాణం కాపాడటానికి పేరు వేయలేదు. వార్తా సంస్థ ద్వారా ప్రపంచమంతా పాకింది. 1980లో దానికి అమెరికా పాత్రికేయ రంగంలో పెద్దదైన పులిట్జర్ బహుమతి ప్రకటించారు. గ్రహీత పేరు స్థానంలో పేరు తెలియని ఫోటోగ్రాఫర్ అని రాశారు. అతను టెహ్రాన్‌లోనే ఉండి, ఇరవై ఆరేళ్లు ఎవరికీ చెప్పకుండా పని చేసుకుంటూ పోయాడు. ఆ రోజు తీసిన ఫోటోల కాంటాక్ట్ షీట్‌ను, అంటే నెగటివ్‌లన్నిటినీ చిన్నచిన్నగా ఒకే కాగితం మీద వేసిన ప్రింటును, ఇంట్లో దాచి ఉంచాడు. 2006లో ఒక అమెరికన్ పాత్రికేయుడు వెతుక్కుంటూ వచ్చినప్పుడు అతనిదే ఆ ఫోటో అని నిరూపించినది ఆ షీటే.

వీళ్ల తర్వాతి తరం నుంచి నూషా తవకోలియాన్ పని చూడండి. 1981లో పుట్టింది, పదహారేళ్లకే 'జన్' అనే స్త్రీల దినపత్రికలో ఫోటోగ్రాఫర్‌గా చేరింది. పద్దెనిమిదేళ్లకు 1999 విద్యార్థుల ఆందోళన తీసింది. 2009 ఎన్నికల గొడవల తర్వాత వీధిలో పని చేయడం కష్టమైనప్పుడు కెమెరాను ఇంట్లోకి తిప్పింది. ఇరాన్‌లో స్త్రీలు ఒంటరిగా పురుషుల ముందు పాడటానికి అనుమతి లేదు. ఆమె గాయనులను ఒక్కొక్కరినే మెరిసే తెర ముందు నిలబెట్టి, కళ్లు మూసుకుని పాడుతుండగా తీసింది. ఒక్కొక్కరికీ ఎన్నడూ రాని పాటల ఆల్బమ్‌కు ఊహలో ఒక కవర్ కూడా చేసింది. ఆ వరుస పేరు 'విను'. చూస్తే సినిమా సెట్‌లో లైటింగ్ చేసి తీసినట్టు ఉంటుంది, కానీ అంతకంటే నిజమైన డాక్యుమెంటరీ నేను చూడలేదు. వినిపించని గొంతును ఫోటోలో పెట్టడానికి ఇంకొక దారి ఏముంది?

ఆమె నుంచి నేర్చుకోవాల్సిన మరో సంగతి ఉంది. 2014లో ఆమెకు ఒక ఫ్రెంచ్ ఫౌండేషన్ యాభై వేల యూరోల పురస్కారం ఇచ్చింది. తన ఫోటోల ఎంపికలో, వరుసకు పెట్టే శీర్షికలో దాతల జోక్యం ఒప్పుకోనని ఆమె ఆ డబ్బు వెనక్కి ఇచ్చేసింది. తర్వాత విషయం సర్దుబాటై ఆమె కోరిన విధంగానే పని బయటికి వచ్చింది. యాభై వేల యూరోలు టెహ్రాన్‌లో ఉండే ఫోటోగ్రాఫర్‌కు ఎంత పెద్ద మొత్తమో ఆలోచించండి. ఫోటో తీయడం ఎంత ముఖ్యమో, ఏ ఫోటో ముందు, ఏది వెనక అని నిర్ణయించే హక్కు అంత ముఖ్యం. ఆమె 2019లో, పేరున్న ఫోటోగ్రాఫర్లు తామే నడుపుకునే మాగ్నమ్ అనే ఏజెన్సీలో పూర్తి స్థాయి సభ్యురాలైంది.

ఇక్కడ నా సొంత విషయం ఒకటి చెప్పాలి. వృత్తిలో మూడో ఏట, ఒక సినిమాకు తొంభై నాలుగు రోజులు స్టిల్స్ తీశాను. రీలు కాలం అది. నెగటివ్‌లన్నీ నిర్మాణ సంస్థకు అప్పగించాను, రసీదు అడగలేదు. సినిమా ఆడలేదు, ఆఫీసు ఖాళీ చేశారు, నెగటివ్‌లు పాత సామానుతో పాటు పోయాయి. సినిమా పోస్టర్లకు పనికొచ్చే ఫోటోలు పోయాయని నాకు బాధ లేదు. ఆ సెట్ మీద లైట్‌మెన్ మధ్యాహ్నం నిద్రపోయే చోటు, వంట మనుషులు, డూప్‌లు, గంటల తరబడి మేకప్ వేసుకుని పిలుపు కోసం ఎదురుచూసే జూనియర్ ఆర్టిస్టులు, వీళ్లందరినీ తీశాను. అదంతా డాక్యుమెంటరీ అని అప్పుడు నాకు తెలియదు. బహ్మన్ జలాలీ పుస్తకం చేతికి వచ్చిన రోజు ఆ నెగటివ్‌ల కోసం చాలాసేపు ఏడ్చాను.

అందుకని మీరు ఒప్పుకునే ప్రతి సినిమాకు ముందే ఒక కాగితం రాయించుకోండి. సినిమా ప్రచారానికి తీసిన స్టిల్స్ మీద హక్కు నిర్మాతది, అందులో వాదన లేదు. కానీ యూనిట్ మనుషులను తీసిన వర్కింగ్ స్టిల్స్‌లో మీ ఎంపికను సినిమా విడుదలైన కొంతకాలానికి మీ పేరుతో పుస్తకంలోనో, ప్రదర్శనలోనో వాడుకునేందుకు అనుమతి అడగండి. ఇప్పుడు అడిగితే చాలామంది ఇస్తున్నారు. ఇవ్వకపోయినా నష్టం లేదు, అడిగిన మాట వాళ్లకు గుర్తుంటుంది. ప్రతి రోజు ఫైళ్లను రెండు హార్డ్ డిస్కుల్లో, రెండు ఇళ్లలో ఉంచండి. ఫైలు పేరులో తేదీ, స్థలం రాయండి. మనిషి పేరు రాయండి. లైట్‌మన్ అని రాయవద్దు, అతని పేరు అడిగి రాయండి.

డబ్బు గురించి దాపరికం లేకుండా చెప్తాను. యూనియన్ కార్డు వచ్చేదాకా అసిస్టెంట్ బత్తాతో కాకినాడ నుంచి హైదరాబాద్ వచ్చి బతకడం కష్టం. ఒక మోస్తరు సినిమా సొంతంగా దొరికితే మూడు నాలుగు నెలలు ఇల్లు గడుస్తుంది. ఆ సినిమాకూ, తర్వాతి సినిమాకూ మధ్య వచ్చే ఖాళీని మన రంగంలో చాలామంది ఫోన్ చేస్తూ, ఆఫీసుల చుట్టూ తిరుగుతూ గడిపేస్తారు. ఆ ఖాళీయే మీ డాక్యుమెంటరీ కాలం. నా పదకొండు వేసవులూ అలా దొరికినవే. ఏడాదికి పన్నెండు, పదిహేను రోజులు మించి నేను నౌపడలో ఉండలేదు. కానీ ఏటా వెళ్లాను. రెండో ఏడాది వెళ్లినప్పుడు మొదటి ఏడాది ప్రింట్లు చేతికి ఇచ్చాను. మూడో ఏడాదికి ఒక అవ్వ తన ఇంటికి పిలిచి, గోడకు తగిలించిన తన ఫోటో చూపించింది. దండ వేయడానికి పనికొస్తుందని నవ్వింది. గత ఏడాది దానికి దండ పడింది. ఆమె కొడుకు నన్ను ఆ గోడ దగ్గరికి తీసుకెళ్లి నిలబెట్టాడు, ఇద్దరం ఏమీ మాట్లాడలేదు.

చిన్నచూపు గురించి అడిగారు. ఉంది. గ్యాలరీలవాళ్లు నన్ను 'సినిమా ఫోటోగ్రాఫర్' అని పరిచయం చేస్తారు. సినిమావాళ్లు 'ఉప్పు ఫోటోలు తీసే ఆయన' అంటారు. రెండు మాటలూ నిజమే కాబట్టి నేను సరిదిద్దను. మీరు కూడా దాని మీద శక్తి ఖర్చు పెట్టవద్దు.

మీ రేవు ఫోటోల విషయం. మీరు జతచేసిన ఆరు ఫోటోలు చూశాను. సూర్యోదయం, వలలు, పడవ నీడ. అందంగా ఉన్నాయి, కానీ అవి ఎవరైనా మొదటి రోజు తీయగలవి. నాలుగో ఫోటోలో పడవ అంచున కూర్చుని ఫోను వైపు చూస్తున్న ముసలాయన ఉన్నాడు, ఎడమ చేతికి బొటనవేలు లేదు. మీరు ఆ మనిషిని ఫ్రేము మూలకు నెట్టి, ఆకాశానికి సగం చోటు ఇచ్చారు. ఆయన పేరు ఏమిటి? ఆ వేలు ఎలా పోయింది? ఇల్లు ఎక్కడ? ఇంట్లో ఎవరున్నారు? వచ్చే నెల ఒక ప్రింటు తీసుకుని ఆయన దగ్గరికి వెళ్లండి. మొదటి పూట కెమెరా సంచిలోంచి తీయవద్దు. తర్వాత ఆయన ఒప్పుకుంటే సముద్రం మీదికి, ఒప్పుకోకపోతే వేలంపాట దగ్గరికి, ఇంటికి, ఆసుపత్రికి, ఎక్కడికి రానిస్తే అక్కడికి వెళ్లండి. ఆరు నెలల తర్వాత ఏరకుండా, దిద్దకుండా, వరుసగా తీసినవి తీసినట్టే వంద ఫ్రేములు నాకు పంపండి. పాడైపోయినవి కూడా అందులో ఉండాలి. కూర్చుని ఒక్కొక్కటి చూసి రాస్తాను.